నేను వస్తుంది

మొన్న మా దోహా తెలుగువాళ్ళ వాట్సాప్ గ్రూపులో, శుక్రవారం వనభోజనాలకి ఎవరెవరు వస్తున్నారని ఎవరో అడిగారు. జవాబుగా ఒకాయన స్టిక్కర్ పంపాడు. వెనక మంటలు, ముందు నల్లటి మొహం, ఇంతేసి కళ్ళు, కింద పసుపుపచ్చ అక్షరాల్లో ‘నేను వస్తుంది’. చూస్తుండగానే నవ్వు బొమ్మలు వరసకట్టాయి. నేనూ ఒకటి పెట్టాను. ఆ మొహం తాలూకు మనిషి పోయి నాలుగు నెలలైందన్న సంగతి గుర్తులేక పెట్టానని చెప్పగలిగితే బాగుండేది. గుర్తుంది. అందరూ నవ్వుతుంటే నేనొక్కణ్ణే ఎందుకు నవ్వలేదని అడుగుతారేమోనని పెట్టాను.

మర్నాడు ఆ పోయిన మనిషి కూతురు ఫోన్ చేసింది. ఆమె భర్తకి గ్యాసు కంపెనీలో ఉద్యోగం, కాపురం అల్ ఖోర్‌లో. తండ్రిని ‘అబ్బా’ అంటుంది.

“అంకుల్, మీకు హైదరాబాద్‌ల స్టూడియోవాళ్ళు తెలుసని అబ్బా చెప్తుండె. అబ్బా డైలాగ్ చెప్పే సీనుంది చూడండి, దాంట్ల మ్యూజిక్ తీసేసి అబ్బా గొంతొక్కటే దొరుకుతదా? నాకు దాచుకోవాలనుంది.”

“కనుక్కుంటానమ్మా” అన్నాను.

కనుక్కోవడానికేముంది. మ్యూజిక్ తీసేస్తే అక్కడ మిగిలేది నా గొంతు.

ఆయన పేరు ఇక్కడ రాయను. సినిమా టైటిల్స్‌లోనూ ఎప్పుడూ పడలేదు. పేర్లన్నీ అయిపోయాక చివర్న ‘తదితరులు’ అని వేస్తారే, ఆయన అందులో ఉండేవాడు. ఎవరైనా కొత్తవాళ్ళు పరిచయమై మీ పేరేంటంటే, “స్క్రీన్ మీద అయితే తదితరులు సార్” అని చెయ్యి కలిపేవాడు. అవతలివాళ్ళకి అర్థమయ్యేలోపు అసలు పేరు చెప్పేవాడు.

మా ఆఫీసు లుసైల్‌లో. నేనుండేది అల్ వుకైర్‌లో. నగరానికి ఈ చివర నుంచి ఆ చివరికి రోజూ కంపెనీ బస్సు. దానికి ఆయన డ్రైవరు. మొదటిరోజు బస్సెక్కుతూ ఆయన్ని చూసి సూడాన్ మనిషనుకుని, నాకొచ్చిన నాలుగు అరబ్బీ ముక్కలూ కూడగట్టుకుని పలకరించాను. ఆయన ఓపిగ్గా విని, “మంచిగున్న సార్. మీరెట్లున్నరు? ఆ సీటు స్ప్రింగు లేచింది, పక్కదాంట్ల కూసోండి” అన్నాడు. బస్సంతా నవ్వింది. ఆ రోజునుంచీ ఆయన వెనక సీటు నాదైంది.

బస్సు బయల్దేరేముందు తలుపు మూసి, “యాక్షన్” అనేవాడు. ఎర్రలైటు పడితే “కట్”. ముందు కారువాడు దారివ్వకపోతే, “వీడు హీరో లెక్క నిలబడ్డడు, జర పక్కకి జరగమనండి” అనేవాడు. అద్దం సర్దుకుంటూ ఎడమ చెంప ఒకసారి చూసుకునేవాడు. “నా లెఫ్ట్ మంచిగుంటది సార్. కాని నన్ను పక్కనుంచి ఎవరు తియ్యలే. ఎప్పుడూ ఎదురుంగ, కిందికెల్లి లైటు. పిల్లలు జడుసుకోవాలె గద” అని తన మాటకి తనే నవ్వుకునేవాడు.

ఆయన పుట్టి పెరిగింది హైదరాబాద్ ఏసీ గార్డ్స్‌లో. నిజాం గుర్రపుదళంలో పనికి తరాల కిందట ఆఫ్రికా నుంచి వచ్చిన సిద్దీల వంశం. ఇంట్లో దక్కనీ, వీధిలో తెలుగు, పెళ్ళిళ్ళలో మర్ఫా డప్పుల వాయింపు. ఆఫ్రికా ఎటువైపుంటుందో తన తాతకే తెలియదనేవాడు.

“మా ఊళ్ళె ఆటో ఎక్కితే నైజీరియానా అని అడుగుతరు. అరే, నేను నీ పక్క గల్లీ అంటే ఇనరు. ఈడ పోలీసు ఐడీ చూసి మల్ల నా మొహం చూస్తడు, ‘ఇంత హిందీ?’ అంటడు. ఆడ హిందీ కాదంటరు, ఈడ హిందీ అంటే నమ్మరు. మరి నేనేడివాణ్ణి సార్?”

ఇక్కడి అరబ్బుల మాటలో ‘ఇంత’ అంటే నువ్వు, హిందీ అంటే ఇండియా మనిషని అర్థం. ఆయన జవాబు కోసం ఆగేవాడు కాదు. పచ్చలైటు పడగానే మళ్ళీ “యాక్షన్”.

ఒక అలవాటు మాత్రం నాకు చాలాకాలం అర్థం కాలేదు. ఆఫీసువాళ్ళం కలిసి పెద్ద పళ్ళెంలో మందీ, అదే అరబ్బుల మాంసం అన్నం, తినడానికి కూర్చుంటే, ఆయన తన వాటా చిన్న ప్లేటులో పెట్టుకుని కాస్త ఎడంగా పోయి తినేవాడు. నేనొకసారి చెయ్యి పట్టుకుని లాగాను. పక్కన కూర్చున్నాడుగాని ముద్ద దిగడం లేదు. తర్వాత బస్సులో చెప్పాడు.

“ఫస్టు సినిమాల నాకు బొగ్గు రంగు, నూనె కలిపి పూసిన్రు సార్. నేను చాలినంత నల్లగ లేనంట! భోజనానికి బంతిల కూసుంటే, ఆ రంగు మాకంటుతది, దూరం కూసోమన్నరు. సరే, రైటే గద అనుకున్న. రెండో సినిమాల ఏం పూయలే. ఉత్త మొహంతోటే పోయిన. అయినా దూరమే కూసోమన్నరు.” గేరు మార్చాడు. “గప్పటికెల్లి అలవాటైపోయింది.”

ఔట్‌డోర్ షూటింగులకి పోతే లాడ్జిలో గది ఇచ్చేవారు కాదట. పాస్‌పోర్ట్ చూపించమనేవారట. రేషన్ కార్డు తీసి చూపిస్తే దొంగదన్నారట. యూనిట్‌వాళ్ళు కూడా మేనేజరుతో పోట్లాడే బదులు, “నువ్వు జనరేటర్ వ్యాన్‌లో సర్దుకోవయ్యా” అనేవారట. ఆయన వేషాలేమిటంటే, ఓడరేవులో విలన్ పక్కన నిలబడేవాడు, అడవిలో ఈటె పట్టుకునేవాడు, స్వప్నంలో హీరోయిన్ని భయపెట్టేవాడు. మాట ఉండదు. స్క్రిప్టులో ఆయన పేరు ఎదురుగా ‘అరుపు’ అని రాసుండేదట. “పదేండ్లు అరిచిన సార్. ఇంట్ల బిడ్డ మీద మాత్రం ఎన్నడు అరవలే” అన్నాడొకసారి.

ఆ పదేళ్ళ తర్వాత ఒక్క డైలాగ్ దొరికింది.

ఆ కథ నాకు రెండు వైపులనుంచీ తెలుసు. ముందు ఆయన వైపు చెప్తాను. విలన్ దగ్గర కాపలా ఉండే మనిషి, చివర్లో మనసు మారి, మంటల్లో చిక్కుకున్న హీరో తల్లిని కాపాడడానికి దూకుతాడు. దూకేముందు ఒక మాట: “అమ్మా, భయపడకు. నేను వస్తున్నాను.” అంతే. ఆయన భాషలో అయితే ‘వస్తున్న’ అంటారు. సినిమాకి ‘వస్తున్నాను’ అనాలన్నారని, భార్యని వంటింట్లో పొయ్యి ముందు నిలబెట్టి ఎన్నోసార్లు ఆమెతో చెప్పుకుని, నోరు తిప్పుకున్నాడట. షూటింగ్ రోజున ఒకే టేకులో అయిపోయింది. లైట్‌బాయ్‌లు చప్పట్లు కొట్టారు.

“ఆ పొద్దు నాకు ప్రొడక్షన్ వాళ్ళు చాయ్ తెచ్చి చేతికిచ్చిన్రు సార్” అని నాకు ఎన్నోసార్లు చెప్పాడు.

ఇక నా వైపు. ఇరవై ఏళ్ళ కిందట నేను హైదరాబాద్‌లో డబ్బింగ్ చెప్పుకుని బతికేవాణ్ణి. పెద్ద హీరోలకేమీ కాదు. ‘సారీ, మా ప్రయత్నం మేం చేశాం’ అనే డాక్టర్లకి, ‘ఎవరక్కడ’ అనే వాచ్‌మన్లకి, గుంపులో గొణుగుళ్ళకి. ఒక మధ్యాహ్నం ఈ సీను నా ముందుకొచ్చింది. చెవుల్లో పెట్టుకున్న హెడ్‌ఫోన్లో, షూటింగ్‌లో రికార్డైన అసలు గొంతు వినిపిస్తారు; దాన్ని వింటూ, తెరమీది పెదాలు చూస్తూ మనం చెప్పాలి. నేను ఉన్నదున్నట్టు చెప్పాను. డైరెక్టరు ఆపించాడు.

“ఏవయ్యా, ఆ మొహానికి అంత శుభ్రమైన తెలుగేంటి? జనం నమ్మొద్దూ? కాస్త విరిచి చెప్పు.”

ఎలా విరవాలో ఆయన చెప్పలేదు. అది నాకే తట్టింది. గొంతు బొంగురు చేసి, నాలుక మడతపెట్టి, “అమ్మా, భయం పడకు. నేను వస్తుంది” అన్నాను. గదిలో అందరూ పడీపడీ నవ్వారు. సౌండ్ ఇంజనీరు కళ్ళు తుడుచుకున్నాడు. ఒకటే చిక్కు, ‘వస్తున్నాను’ పొడుగు, ‘వస్తుంది’ పొట్టి. నా మాట అయిపోయాక కూడా తెరమీద ఆయన నోరు ఇంకా తెరుచుకుంటూనే ఉంది. “సరిచేయనా?” అని అడిగాను. “ఉండనీ, అదే కామెడీ” అన్నాడు డైరెక్టరు. ఆరోజు నాకు మామూలుకంటే మంచి భోజనం పెట్టించారు. నేను గర్వంగా తిన్నాను.

హాల్లో ఆ చోట జనం ఈలలు వేశారు. తల్లి కాలిపోతుంటే నవ్వారు. సినిమా పోయిందిగాని ఆ ముక్క మిగిలింది. నాకు డబ్బింగ్‌లో అంతకంటే పేరొచ్చిన మాట ఇంకోటి లేదు. తర్వాత అదీ గిట్టుబాటు కాక, మా బావ ఉద్యోగం చూస్తే ఖతర్ వచ్చి ఫైళ్ళు చూసుకునే పనిలో చేరాను.

ఆయన్ని బస్సులో రోజూ చూస్తున్నా గుర్తుపట్టలేదు. తెరమీది ఆ నూనె మొహానికీ, ఇస్త్రీ చొక్కా వేసుకుని అద్దంలో ఎడమ చెంప చూసుకునే ఈ మనిషికీ ఏం సంబంధం? ఒక పుట్టినరోజు పార్టీలో తెలిసింది. మా ఆఫీసు కుర్రాడొకడు ఫోన్‌లో ఆ ముక్క పెట్టి, ఇదిగో ఈయనేనంటూ గోల చేశాడు. జనం మూగి, “భాయ్, ఒక్కసారి, ఒక్కసారి” అన్నారు. ఆయన గ్లాసు పక్కన పెట్టాడు. గొంతు సవరించుకున్నాడు. బొంగురు చేశాడు. నాలుక మడతపెట్టాడు.

“అమ్మా, భయం పడకు. నేను వస్తుంది.”

నా గొంతు నాకు ఎదురుగా వినపడింది. నేను సాగదీసినచోట సాగదీశాడు, నేను ఊపిరి ఎగబీల్చినచోట ఎగబీల్చాడు. ‘వస్తుంది’ అన్నాక కూడా, శబ్దం లేకుండా నోరు రెండుసార్లు తెరిచి మూశాడు. దానికే ఎక్కువ నవ్వారు. “అచ్చు సినిమాలోలాగే ఉంది!” అని భుజం తట్టారు. నేను నా ప్లేటు పట్టుకుని గోడవైపు తిరిగాను. ఏదో నములుతున్నట్టు నటించాను. ఆ గదిలో ఆరోజు ఆయనకంటే నేనే ఎక్కువ నటించాను.

ఆ తర్వాత చెప్దామని చాలాసార్లు అనుకున్నాను. ఒక సాయంత్రం ఇసుకగాలికి రోడ్డు కనపడక, బస్సు పక్కకి ఆపుకుని కూర్చున్నాం. వెనకవాళ్ళు నిద్రపోతున్నారు. నేనే కదిపాను.

“భాయ్, ఆ డైలాగ్ మీ గొంతేనా?”

ఆయన అద్దంలోంచి నన్ను చూసి, వేలు పెదవుల మీద పెట్టుకున్నాడు. “ఎవ్వలకి చెప్పకండి సార్. ఇంట్ల గూడ తెల్వదు. అది నేను చెప్పింది కాదు, డబ్బింగ్. హాల్ల ఇన్నప్పుడే తెలిసింది నాక్కూడ. మా ఇంటామె పక్కనే కూసుంది, బిడ్డ ఒళ్ళో ఉంది. పొయ్యి కాడ చెప్పిన మాట ఇట్లెందుకైందని అడిగింది. ‘డైరెక్టర్ సాబ్ అట్ల చెప్పమన్నడు’ అన్న. ఏం జేస్త? ఒక్క డైలాగుండె. అది గూడ నాది కాదంటే ఎట్ల?”

“మరి ఆ గొంతు?”

“నేర్చుకున్న సార్. క్యాసెట్ పెట్టుకుని నేర్చుకున్న. ఎక్కడికి పోయినా అదే అడుగుతరు గద. ఒకసారి మంచి వేషం ఉందని పిలిచిన్రు. ఇస్కూల్ పంతులు వేషం. నా గొంతుతోటి చెప్పిన, మంచిగ చెప్పిన. ‘ఇది నీ గొంతు కాదే, మాకా గొంతే కావాలె’ అన్నరు. పంతులు నేను వస్తుంది అంటడా సార్?” నవ్వాడు. “గా పొద్దే హెవీ లైసెన్సుకి పోయిన.”

గాలి బస్సుని ఊపుతోంది. నిజం నోటిదాకా వచ్చింది. అప్పుడాయన అన్నాడు: “ఎవరిదో పాపం, మంచి గొంతు. వానికి గూడ పేరు పడి ఉండదు, నా లెక్కనే.”

అంత మాటన్నాక ఎలా చెప్పను? చెప్పొచ్చు. ఆ మాటన్నాకే చెప్పాలి. నేను “అవును భాయ్” అన్నాను. నన్ను తనతో కలుపుకున్నాడు ఆయన. దాన్ని పోగొట్టుకోవడం నాకిష్టం లేకపోయింది. ఇసుక సద్దుమణిగాక “యాక్షన్” అని బండి తీశాడు. ఆ తర్వాత రెండేళ్ళు కూడా నేను ఆయన వెనకే కూర్చున్నాను.

కంపెనీ డ్రైవర్లకిచ్చిన క్యాంపు గదిలో గుండెపోటొచ్చి పోయాడు. ఇక్కడి మట్టిలోనే పెట్టారు. బస్సుకి ఇప్పుడు వేరే డ్రైవరు. మాట్లాడడు.

కూతురు ఫోన్ చేశాక నాలుగు రోజులు నాలో నేను వాదించుకున్నాను. చెప్తే తండ్రి ఇంట్లో ఆడిన అబద్ధం బయటపడుతుంది, చనిపోయినవాడి పరువు కదా అని ఒక సాకు. స్టూడియోలో దొరకలేదమ్మా అంటే ఎవరికీ నష్టం లేదు కదా అని ఇంకో సాకు. నష్టం లేదన్నది నిజమే, కాని ఆమె ఆ ముక్కనే దాచుకుని, అదే తండ్రి గొంతనుకుని వింటుంది. నేను చచ్చేదాకా ఆ ఇంట్లో ఆయన నోట్లో నేనే మాట్లాడుతుంటాను.

శుక్రవారం అల్ ఖోర్ వెళ్ళాను. అల్లుడు డ్యూటీలో ఉన్నాడు. ఆమె చాయ్ ఇచ్చి, టీవీలో ఆ సీను తీసి ఆపిపెట్టి, ఎదురుగా కూర్చుంది. తండ్రి కళ్ళే. దొరికిందా అంకుల్ అన్నట్టు చూస్తోంది.

“అమ్మా, ఆ గొంతు మీ నాన్నది కాదు. డబ్బింగ్” అన్నాను.

ఆమె టీవీ వైపు చూసింది. “మరి ఎవరిది?”

“నాది.”

చాయ్ మీద మీగడ కట్టింది. ఆమె రిమోట్ బల్ల మీద పెట్టి అడిగింది. “అబ్బాకు తెలుసా?”

“డబ్బింగని తెలుసు. నేనని తెలియదు.”

“మీరు రోజూ అబ్బా వెనకాలనే కూసుంటుంటిరి గద.”

“కూర్చున్నానమ్మా.”

“వస్తుంది అని ఎవరు రాసిన్రు?”

డైరెక్టరు పేరు నాలుక చివరిదాకా వచ్చింది. “ఎవరూ రాయలేదు. నాకే తట్టింది” అన్నాను.

ఆమె తిట్టలేదు. తిడితే బాగుండునని కూర్చున్నాను. చున్నీ అంచు వేలికి చుట్టుకుంటూ, “అబ్బా అసలేమన్నడు అంకుల్? మీరు ఇన్నరా?” అని అడిగింది.

విన్నాను. ఆ అసలు రికార్డింగులు ఎవరూ దాచరు, ఎప్పుడో చెరిపేసుంటారు. హెడ్‌ఫోన్లో దాన్ని విన్న ఆ నలుగురైదుగురిలో ఇంకా గుర్తుపెట్టుకున్నవాణ్ణి బహుశా నేనొక్కణ్ణే. “చాలా మెత్తగా చెప్పాడమ్మా. అరవలేదు. ఇలా అన్నాడు” అని, పాత అలవాటు కొద్దీ గొంతు సవరించుకుని, ఆయన గొంతు తెచ్చుకోవడానికి ఊపిరి తీసుకున్నాను.

ఆమె చెయ్యి అడ్డం పెట్టింది.

“వద్దంకుల్. మీరనొద్దు. మల్ల మీ గొంతే వస్తది.”

తీసుకున్న ఊపిరి వదిలేశాను.

ఆమె రిమోట్ తీసుకుని టీవీ శబ్దం పూర్తిగా తీసేసింది. తన ఫోన్ తెరిచి, తండ్రి పంపిన వాయిస్ మెసేజులు కిందికీ పైకీ జరిపింది. అన్నీ శుక్రవారాలవి, కూతురింటికి బయల్దేరేముందు పెట్టినవి. ఒకదాని మీద వేలు ఉంచి, టీవీలో సీను కదిలించింది. మంటలు లేచాయి. ఆయన ముందుకొచ్చి నోరు తెరిచాడు. ఆమె ఫోన్ నొక్కింది.

“వస్తున్న బిడ్డా. తలుపు గొళ్ళెం తీసి పెట్టు. వస్తున్న.”

పెదాలకీ మాటకీ పొంతన కుదరలేదు. ఒకచోట మాట ముందుపోయింది, ఒకచోట వెనకబడింది. ఆ తప్పు నాకు తెలుస్తూనే ఉంది. తెరమీద ఆయన ఇంకా మంటల్లో నిలబడే ఉన్నాడు. ఫోన్లో గొంతు ఆగి, మళ్ళీ అడిగింది:

“పాలు తేవాల్నా?”

ఆమె తెర వైపు చూస్తూ, తెమ్మన్నట్టు తల ఊపింది.